బావ విలన్, బావమరిది జీనియస్: ఈ పాత కథ ఇక చాలు

2025 జూన్ 11న బ్రయాన్ విల్సన్ పోయాడు. 82 ఏళ్ళు. బీచ్ బాయ్స్ అనే అమెరికన్ బ్యాండులో ముగ్గురు అన్నదమ్ముల్లో పెద్దవాడు. ఆ వారమే మా ఆఫీసు చాట్ గ్రూపులో ఎవరో ఒక ఫార్వర్డ్ పడేశారు. సారాంశం ఏంటంటే: బ్యాండులో ఒక్కడు జీనియస్, మిగతా నలుగురూ మామూలు మనుషులు. ఆ నలుగురూ, ముఖ్యంగా వాళ్ళ కజిన్, ఆయన్ని ఎదగనివ్వలేదు. కాబట్టి మీ టీములో ఉన్న బ్రయాన్ ఎవరో గుర్తించండి, మిగతావాళ్ళు ఆయనకి అడ్డం రాకుండా చూసుకోండి.

కింద పాతిక లైకులు. మూడు చప్పట్ల బొమ్మలు. అందులో ఒకటి మా మేనేజరు గారిది.

నాకు ఒళ్ళు మండింది. చావు కబురు పట్టుకొచ్చి మేనేజ్‌మెంట్ పాఠం చెప్పినందుకు కాదు, అది మనవాళ్ళకి అలవాటే. మండింది ఎందుకంటే ఆ కథ తప్పు. తప్పుడు కథ నుంచి తీసిన నీతి మన అప్రైజళ్ళ దాకా వచ్చేస్తోంది. చాట్‌లో జవాబు రాద్దామని మొదలుపెట్టి, మూడు లైన్లలో తేలదని ఆపేశాను. అందుకే ఈ టపా. పొడుగ్గానే ఉంటుంది, టీ పెట్టుకుని కూర్చోండి.

ముందు బీచ్ బాయ్స్ ఎవరో తెలీనివాళ్ళ కోసం రెండు ముక్కలు. కాలిఫోర్నియాలో, లాస్ ఏంజెలస్ పక్కన హాథోర్న్ అనే ఊళ్ళో 1961లో మొదలైంది. విల్సన్ అన్నదమ్ములు ముగ్గురు: బ్రయాన్, డెనిస్, కార్ల్. వాళ్ళ మేనత్త కొడుకు మైక్ లవ్. బ్రయాన్ స్నేహితుడు అల్ జార్డీన్. మొత్తం ఐదుగురు. మేనేజరు వాళ్ళ నాన్న మర్రీ విల్సన్. చిన్న మెషినరీ వ్యాపారం, పక్కన పాటలు రాసే సరదా. తెల్లవాళ్ళకి అందరూ 'కజిన్'లే గానీ మన లెక్కలో చూస్తే మైక్ లవ్ బ్రయాన్‌కి బావ అవుతాడు. వయసులోనూ ఏడాది పెద్ద. అరవై ఏళ్ళుగా రాక్ పత్రికలు, పుస్తకాలు, సినిమాలు చెప్తూ వస్తున్న కథ ఒక్కటే: బావ విలన్, బావమరిది జీనియస్.

బ్రయాన్ జీనియస్ కాదని నేను అనడం లేదు. ముందే చెప్తున్నాను, కామెంట్లలో దీని మీద కొట్టుకోకండి. నా పేచీ రెండో సగంతో. మిగతావాళ్ళు బరువు అనే మాటతో.

అసలు వీళ్ళ పాటలో సరుకేంటి? హార్మొనీ. మన చెవికి ఇది కొంచెం కొత్త. మన కచేరీలో వెనక కూర్చున్న శిష్యుడు గురువుగారు పాడే స్వరమే పాడతాడు. మనకి రాగం ముఖ్యం, ఒకే దారి. హార్మొనీలో అలా కాదు. ఐదుగురు ఒకేసారి ఒకే మాట పలుకుతారు, కానీ ఒక్కొక్కళ్ళది ఒక్కో స్వరం. అడుగున మైక్ లవ్ బేస్ గొంతు, అందరికన్నా పైన బ్రయాన్ కీచుగా లేపే ఫాల్సెట్టో, మధ్యలో కార్ల్, డెనిస్, అల్. ఆ మధ్య గొంతులు విడిగా వింటే ట్యూన్ లాగే ఉండదు, ఒకే స్వరం మీద అటూ ఇటూ నడుస్తున్నట్టు ఉంటుంది. కానీ అందులోంచి ఒక్కటి తీసేయండి, పాట ఖాళీ అయిపోతుంది. ఇళయరాజా కోరస్‌లు జాగ్రత్తగా విన్నవాళ్ళకి నేను చెప్పేది వెంటనే అర్థమవుతుంది.

ఫోర్ ఫ్రెష్‌మెన్ అనే జాజ్ గ్రూపు రికార్డులు వేసుకుని, ఒక్కో గొంతు ఏ స్వరం పాడుతోందో పియానో మీద వెతికి పట్టుకున్నది బ్రయానే. అదీ కుడి చెవి దాదాపు వినపడని కుర్రాడు. పట్టుకున్నది తమ్ముళ్ళకి నేర్పిందీ అతనే. ఒప్పుకుంటాను. కానీ నేర్పింది ఎవరికి? చిన్నప్పట్నుంచి ఒకే పడగ్గదిలో పడుకుని, రాత్రిళ్ళు కలిసి పాడుకున్న తమ్ముళ్ళకి. పండగలకి ఇంటికొచ్చి పాడే బావకి. ఒకే రక్తం గొంతులు కాబట్టి ఒకదాంట్లో ఒకటి అలా కలిసిపోయాయి. బ్రయాన్ కాగితం మీద స్వరాలు రాసి, ఎవరు దొరికితే వాళ్ళతో పాడించలేదు. ఈ గొంతులు ఏం చెయ్యగలవో తెలిసి వాటి కోసమే రాశాడు. డిజైనూ ఇంప్లిమెంటేషనూ వేరు చేసి, డిజైన్ చేసినవాడిదే ప్రాడక్టు అంటే ఎలా ఉంటుందో మీకు నేను చెప్పాలా?

'గాడ్ ఓన్లీ నోస్' సంగతే తీసుకోండి. బ్రయాన్ ఆ పాట తనే పాడదామనుకుని, చివరికి ఇది తమ్ముడి గొంతుకి కుదురుతుందని కార్ల్‌కి ఇచ్చేశాడు. అప్పటికి కార్ల్‌కి 19 ఏళ్ళు. ఆ పాటని ఈ రోజు ప్రపంచం తల మీద పెట్టుకుంటోందంటే ట్యూను ఎంత కారణమో ఆ పిల్లవాడి గొంతు కూడా అంత కారణం. జీనియస్ అనేవాడు చేసిన గొప్ప పనుల్లో ఇదొకటి: తను పక్కకి తప్పుకోవడం. మన ఫార్వర్డ్ వీరులు నేర్చుకోవలసిన పాఠం ఇదైతే, వాళ్ళు సరిగ్గా దానికి తిరగేసి నేర్చుకున్నారు.

ఇప్పుడు ఆ కుర్రాడి మీద ఎంత బరువు పెట్టారో చూడండి. మొదటి ఆల్బం 1962 అక్టోబరులో వచ్చింది. 1964 చివరికి మొత్తం ఎనిమిది. అందులో ఒకటి లైవ్, ఒకటి క్రిస్మస్ పాటలు. రెండేళ్ళ పైచిలుకులో ఎనిమిది ఆల్బములు! ట్యూన్లు, అరేంజ్‌మెంటు, ప్రొడక్షను, పై గొంతు, స్టేజీ మీద బేస్ గిటారు, మధ్యలో ఊరూరా టూర్లు. పైగా 1964 మొదట్లో బీటిల్స్ అమెరికాలో దిగారు, అదీ వీళ్ళ కంపెనీ కాపిటల్ లేబుల్ మీదే. ఆ పోటీలో ఉండి కూడా ఆ జూలైలో 'ఐ గెట్ అరౌండ్'తో వీళ్ళకి మొదటిసారి అమెరికాలో నంబర్ 1 వచ్చింది. అదే ఏడాది కుర్రాళ్ళు నాన్నని మేనేజరు పదవి నుంచి తీసేశారు. ఇంట్లో ఆ యుద్ధం ఒకటి.

1964 డిసెంబరు 23న హ్యూస్టన్ వెళ్ళే విమానంలో బ్రయాన్ కుప్పకూలాడు. ఏడుపు, అరుపులు, ఊపిరాడకపోవడం. వయసు 22. ఇక టూర్లకి రానన్నాడు.

మన భాషలో దీన్ని బస్ ఫ్యాక్టర్ ఒకటి అంటాం. అన్నీ ఒక్కడికే తెలుసు, అన్నీ ఒక్కడే చేస్తాడు, వాడు పడితే ప్రాజెక్టు పడుతుంది. మన ఆఫీసుల్లో అలాంటివాడికి స్టార్ పెర్ఫార్మర్ అని సర్టిఫికెట్టిస్తారు. వాడు రాత్రి రెండింటికి కూడా ఆన్‌లైన్లో ఉంటాడని మెచ్చుకుంటారు. వాడు పడిపోయాక మాత్రం 'పాపం, సున్నితమైన మనిషి' అంటారు. జీనియస్ అనే బిరుదు చాలాసార్లు జీతం పెంచకుండా పని పెంచే పద్ధతి. బ్రయాన్ విషయంలో జీతం బాగానే వచ్చింది గానీ మిగతాదంతా అదే.

అయితే పడ్డాక ఏం జరిగింది? బ్యాండు ఆగిపోలేదు. గ్లెన్ కాంప్‌బెల్ కొన్నాళ్ళు స్టేజీ మీద ఆ స్థానంలో నిలబడ్డాడు. 1965లో బ్రూస్ జాన్‌స్టన్ వచ్చి చేరాడు. ఆ 'మామూలు మనుషులు' ఊరూరా తిరిగి పాడి డబ్బు తెచ్చారు కాబట్టే బ్రయాన్ స్టూడియోలో కూర్చుని నెలల తరబడి ఒక్కో పాట చెక్కగలిగాడు. ప్రొడక్షన్ సపోర్టు వాళ్ళు రాత్రిళ్ళు మేలుకుంటేనే ఆర్ అండ్ డీ వాళ్ళకి పగలు ఆలోచించుకునే తీరిక దొరుకుతుంది. ఈ సంగతి ఏ పుస్తకం అట్ట మీదా రాయరు.

సరే, 1966కి వద్దాం. కథ మొత్తం తిరిగేది ఈ ఏడాది చుట్టూనే. మే నెలలో 'పెట్ సౌండ్స్' వచ్చింది. జీనియస్ వాదులకి ఇదే బ్రహ్మాస్త్రం. నేనూ అదే తీసుకుంటాను. ఈ ఆల్బంలో ఎక్కువ పాటలకి మాటలు రాసింది టోనీ ఆషర్, అడ్వర్టయిజింగ్ ఉద్యోగి. వాయించింది హాల్ బ్లెయిన్, కెరోల్ కే లాంటి లాస్ ఏంజెలస్ స్టూడియో కళాకారులు, గంటల లెక్కన కూలి తీసుకుని. వాళ్ళ పేర్లు అప్పటి అట్ట మీద లేవు. పాడింది బ్యాండు. అందరి మధ్యలో నిలబడి ఏది ఎక్కడ ఉండాలో తేల్చింది బ్రయాన్. అది చిన్న పని కాదు, ఆ పని ఆ రోజుల్లో అతనిలా చేసినవాళ్ళు వేళ్ళ మీద లెక్క. కానీ అది 'ఒంటరిగా' చేసిన పని మాత్రం కాదు.

అదే ఏడాది అక్టోబరులో 'గుడ్ వైబ్రేషన్స్'. దాదాపు ఏడు నెలలు, నాలుగు స్టూడియోలు, ముక్కలు ముక్కలుగా రికార్డు చేసి అతికించిన పాట. అమెరికాలో, బ్రిటన్లో నంబర్ 1. అందులో మాటలు రాసిందెవరు? బావ. కోరస్‌లో అడుగున వినిపించే ఆ పట్టు ఎవరిది? బావదే. చరణాలు పాడిందెవరు? కార్ల్. బ్రయాన్ చేసిన అత్యంత సాహసమైన పాటలో, సాహసం అంటే పడదని పేరున్న మనిషి సగం మోశాడు. ఫార్వర్డ్‌లో ఇది ఎక్కడా లేదు.

దాని బదులు ఉన్నది 'ఫార్ములా' డైలాగు. నడుస్తున్న ఫార్ములాని కెలకొద్దని మైక్ లవ్ బ్రయాన్ మీద అరిచాడట. ఆ మాట తను అనలేదని మైక్ ఎన్నోసార్లు చెప్పాడు. అన్నాడో లేదో నాకనవసరం. ఒక్క అనుమానపు వాక్యం మీద ఒక మనిషి 60 ఏళ్ళ పనిని కొట్టేస్తున్నాం, అదీ నా బాధ. డిజైన్ రివ్యూలో 'ఇది కస్టమర్‌కి అర్థమవుతుందా?' అని మీరు ఒక ప్రశ్న అడిగారనుకోండి. పదేళ్ళ తర్వాత 'ఆవిష్కరణకి అడ్డుపడ్డ ఫలానా' అని మీ మీద వ్యాసం వస్తే? అడిగినవాడు ప్రతిసారీ సరిగ్గా అడగడు, నిజమే. అడగడమే నేరం అంటే మాత్రం రివ్యూలు పెట్టుకోవడం దేనికి?

ఇక 'స్మైల్'. పెట్ సౌండ్స్ తర్వాత బ్రయాన్, కవి వాన్ డైక్ పార్క్స్ కలిసి మొదలుపెట్టిన ఆల్బం. 1967 మేలో ఆపేశారు. మైక్ లవ్‌కి ఆ మాటలు అర్థం కాలేదు, అడిగాడు, గొడవైంది. ఇది నిజం. కానీ అప్పుడే కంపెనీతో రాయల్టీల మీద కేసు నడుస్తోంది. కార్ల్ యుద్ధానికి వెళ్ళనన్నందుకు కోర్టులో ఉన్నాడు. బ్రయాన్ మనసు, మత్తు మందులు కలిసి ఏ దారిన పోతున్నాయో చూసేవాళ్ళు లేరు. పైగా అతను రికార్డు చేసి పెట్టిన వందల ముక్కల్ని వరసగా అతికించే దారి ఆ రోజుల టేపులతో చాలా కష్టం. ఇన్ని కారణాలుంటే మనం ఒక్కటే ఎందుకు ఎంచుకుంటాం? ప్రాజెక్టు పోయినప్పుడు రూట్ కాజ్ అనాలిసిస్‌లో ఒక మనిషి పేరు రాసేస్తే మీటింగ్ తొందరగా అయిపోతుంది కాబట్టి.

ఆ స్మైల్ చివరికి పూర్తయింది, 2004లో. ఎలా? బ్రయాన్‌తో పాటు అతని కొత్త బ్యాండులోని డేరియన్ సహనజా ఆ పాత ముక్కలన్నీ కంప్యూటర్లోకి ఎక్కించి వరస పెట్టడానికి సాయపడ్డాడు. వాన్ డైక్ పార్క్స్ వచ్చి మిగిలిన మాటలు రాశాడు. తనని ప్రేమగా చూసుకునే పెద్ద బ్యాండు వెనక నిలబడింది. 37 ఏళ్ళు ఒంటరి మేధావి వల్ల కానిది ఒక టీము వల్ల అయింది. దాని తర్వాత కూడా మనం 'ఒంటరి మేధావి' అనే పాట పాడుతూనే ఉన్నాం.

1967 తర్వాత కథ ఎవరూ చెప్పరు. నాకు వీళ్ళ కెరీర్‌లో అన్నిటికన్నా ఇష్టమైన భాగం అదే. ఆన్‌సైట్ రోజుల్లో ఒక గరాజ్ సేల్‌లో డాలరుకి దొరికిన 'సన్‌ఫ్లవర్' సీడీతోనే నాకు ఈ పిచ్చి పట్టింది. బ్రయాన్ మెల్లగా వెనక్కి తగ్గాడు. అప్పుడు ఆ బరువులనుకున్నవాళ్ళు ఏం చేశారో చూడండి. కార్ల్ స్టూడియో బాధ్యత తీసుకున్నాడు. డ్రమ్ములు కొట్టే అల్లరి పిల్లాడనుకున్న డెనిస్, ఆ ఐదుగురిలో నిజంగా సముద్రంలో సర్ఫింగ్ చేసేది అతనొక్కడే, 1970లో సన్‌ఫ్లవర్‌లో 'ఫరెవర్' అనే పాట చేశాడు. వినండి, తర్వాత మాట్లాడుకుందాం. 1971లో 'సర్ఫ్స్ అప్' ఆల్బంలో కార్ల్, బ్రూస్ పాటలున్నాయి. 1972లో దక్షిణాఫ్రికా నుంచి బ్లాండీ చాప్లిన్, రికీ ఫటార్ వచ్చి చేరారు. 1973 నాటి 'హాలండ్' ఆల్బం కోసం స్టూడియో సామాను నెదర్లాండ్స్ తీసుకెళ్ళారు. ఫార్ములా దాటనివ్వని మనుషులు చేసే పనులా ఇవి?

మరి ఎందుకు తెలీదు మనకి? జనం కొనలేదు కాబట్టి. 1968 'ఫ్రెండ్స్' అమెరికా చార్టులో 126 దాకే వచ్చింది. సన్‌ఫ్లవర్ 151. అదే 1974లో కాపిటల్ వాళ్ళు పాత పాటలన్నీ ఏరి 'ఎండ్‌లెస్ సమ్మర్' అని రెండు రికార్డులు అమ్మితే నంబర్ 1! 1965 దాకా వచ్చిన పాటలు, అంతే. కాబట్టి ఫార్ములా వదలొద్దన్నది బావ ఒక్కడే కాదు, డబ్బిచ్చి టికెట్టు కొన్న ప్రతివాడూ అన్నాడు. తర్వాత ఈ బ్యాండు జ్ఞాపకాల దుకాణంగా మారిపోయిందని ఏడ్చేవాళ్ళలో సన్‌ఫ్లవర్ కొన్నవాళ్ళెంతమంది? మనం కూడా కొత్త వెర్షన్ రాగానే 'పాతదే బాగుంది' అనేవాళ్ళమేగా.

ఇక అసలు గాయం దగ్గరికొస్తాను. పేర్లు.

మొదట్నుంచీ వీళ్ళకి పేర్లతోనే గొడవ. 1961లో మొదటి రికార్డుకి వీళ్ళు పెట్టుకున్న పేరు పెండిల్‌టోన్స్. రికార్డు కంపెనీ అడక్కుండానే బీచ్ బాయ్స్ అని అచ్చేసింది. 1963లో 'సర్ఫిన్ యూ.ఎస్.ఏ.' చక్ బెర్రీ పాట ట్యూను. మొదట్లో దాని మీద బ్రయాన్ పేరుండేది, తర్వాత చక్ బెర్రీ పేరొచ్చింది. 1960లలో పాటల హక్కులు చూసే కంపెనీ నాన్న మర్రీ చేతిలో ఉండేది. పాట మీద రచయితగా ఎవరి పేరు పడాలన్నది ఆ కాగితాల్లోనే తేలేది. మైక్ లవ్ మాటలు రాసిన పాటలు బోలెడు అతని పేరు లేకుండానే రిజిస్టరయ్యాయి. 'కాలిఫోర్నియా గర్ల్స్' మీద లేదు. వాళ్ళ మొదటి నంబర్ 1, 'ఐ గెట్ అరౌండ్' మీద లేదు.

1969లో మర్రీ ఆ హక్కులన్నీ 7 లక్షల డాలర్లకి అమ్మేశాడు. ఇంక ఈ పాటల పని అయిపోయిందనుకున్నాడు. తర్వాత బ్రయాన్ ఆ అమ్మకం మీద కేసు వేసి 1992లో కోటి డాలర్లకి రాజీ పడ్డాడు. అదే ఏడాది మైక్ తన పేరు కోసం బ్రయాన్ మీద కేసు వేశాడు. 1994లో గెలిచాడు. 35 పాటల మీద పేరు, 50 లక్షల డాలర్లు.

ఈ కేసు గురించి రాసిన ప్రతివాడూ 'జబ్బు మనిషిని కోర్టుకీడ్చిన బావ' అనే రాశాడు. నేనూ చాలా ఏళ్ళు అలాగే అనుకున్నాను. కానీ ఒక్కసారి ఆలోచించండి. మీరు రాసిన కోడ్ 30 ఏళ్ళు నడుస్తోంది. ప్రపంచమంతా వాడుతోంది. ప్రతి ఫైలు పైనా మీ బావమరిది పేరొక్కటే ఉంది. పైగా 'అసలు పనంతా అతనిదే, వీడు ఊరికే తోకలా వెంట తిరిగాడు' అని అందరూ అంటున్నారు. ఎందుకంటున్నారంటే, ఫైలు మీద పేరు లేదుగా! పేరు లేకపోవడమే సాక్ష్యమైపోయింది. మాటలు రాసినవాడు మాటలు రాయనివాడుగా చరిత్రకెక్కాడు. జీనియస్ కథ సగం పుట్టింది ఆ ఖాళీ గడిలోంచే.

మన పాత సినిమా పాటల పుస్తకాలు గుర్తున్నాయా? గానం: ఘంటసాల, బృందం. గానం: సుశీల, బృందం. చిన్నప్పుడు నేను 'బృందం' అంటే ఎవరో ఒక గాయని అనుకునేవాణ్ణి. ఎన్ని పాటలు పాడిందో అని ఆశ్చర్యపోయేవాణ్ణి! ఆ బృందంలో ఎవరున్నారో ఈ రోజు ఎవరూ చెప్పలేరు. మనకి కోపం కూడా రాదు.

ఇక్కడిదాకా చదివి నేను మైక్ లవ్ అభిమాన సంఘం అధ్యక్షుణ్ణని అనుకుంటున్నారేమో. ఆగండి, ఆయనకీ ఉంది. 1988లో రాక్ అండ్ రోల్ హాల్ ఆఫ్ ఫేమ్‌లో చేర్చుకున్న రోజు వేదిక ఎక్కి తోటి కళాకారులందరినీ దులిపేసి, తన పరువు తనే తీసుకున్నాడు. అదే ఏడాది బ్రయాన్ లేకుండా 'కొకొమో' పాటతో నంబర్ 1 కొట్టారు, గుడ్ వైబ్రేషన్స్ తర్వాత 22 ఏళ్ళకి. అది ఆయన తలకెక్కింది. 1998లో కార్ల్ కాన్సర్‌తో పోయాడు. డెనిస్ 1983లోనే సముద్రంలో మునిగి పోయాడు, 39 ఏళ్ళకి. కార్ల్ పోయాక బ్యాండు పేరు వాడుకునే లైసెన్సు మైక్ తీసుకున్నాడు. అల్ జార్డీన్ తన బ్యాండు పేరులో ఆ మాట వాడుకోబోతే కోర్టు గొడవైంది. 2012లో 50 ఏళ్ళ పండగకి అందరూ కలిసి ఆల్బం చేశారు, అమెరికా చార్టులో 3దాకా వెళ్ళింది, ప్రపంచమంతా తిరిగి పాడారు. ఆ టూరు అయిపోగానే మైక్ మళ్ళీ తన మనుషులతో, అదే పేరుతో వెళ్ళిపోయాడు. బ్రయాన్, అల్ బయట.

అంటే ఏమైంది? పేరు లేదని 30 ఏళ్ళు బాధపడ్డ మనిషి, అందరి పేరూ ఒక్కడే పెట్టుకుని తిరిగాడు. ఒకళ్ళు పని మొత్తానికి ఒక్క మనిషి పేరు పెట్టారు. ఇంకొకళ్ళు ఒక్క మనిషికి బృందం పేరు పెట్టారు. రెండూ ఒకే తప్పు. 2021లో ఆ పేరుతో సహా ఎక్కువ వాటా ఐకానిక్ ఆర్టిస్ట్స్ గ్రూప్ అనే కంపెనీకి అమ్మేశారు. ఐదుగురు పిల్లలు పడగ్గదిలో, హాల్లో పాడుకున్న పాట చివరికి ఒక ఆస్తి.

జీనియస్ ముద్ర బ్రయాన్‌కైనా మేలు చేసిందా? 1975లో ఒకసారి, 1980లలో మళ్ళీ, యూజీన్ లాండీ అనే సైకాలజిస్టు ఆయన జీవితంలోకొచ్చాడు. మొదట్లో ప్రాణం నిలబెట్టిన మాట నిజమే. తర్వాత తిండి, నిద్ర, మనుషులు, అన్నీ తనే నిర్ణయించాడు. చివరికి పాటల మీద రచయితగా తన పేరు కూడా వేసుకున్నాడు! 1989లో లైసెన్సు వదులుకోవలసి వచ్చింది, 1992లో బ్రయాన్ దగ్గరికి వెళ్ళకూడదని కోర్టు చెప్పింది. అంతా ఒక్కడి బుర్రలోనే ఉందని లోకం నమ్మితే, ఆ ఒక్క బుర్రని పట్టుకుంటే చాలని నమ్మేవాడు కూడా వస్తాడు. ఒంటరి మేధావి కథ ఆ మేధావినే అందరికన్నా ఒంటరి చేస్తుంది.

'అయినా బ్రయాన్ లేకపోతే వీళ్ళెవరు?' అంటారు. నిజమే, బ్రయాన్ లేకపోతే బీచ్ బాయ్స్ లేరు. వీళ్ళు లేకపోతే కూడా బీచ్ బాయ్స్ లేరు. ఈ రెండు వాక్యాలూ ఒకేసారి నిజం కావచ్చు. మొదటిది ఒప్పుకుంటే రెండోది కొట్టేయాలని ఎవరు చెప్పారు? మన హెచ్ఆర్ వాళ్ళ రేటింగు ఫారమ్ తప్ప! అందులో టీములో ఒక్కడికే ఐదు ఇవ్వాలి కాబట్టి మిగతావాళ్ళు మూడుకి తగ్గారు అని కారణం వెతుక్కోవాలి.

ఇంత గట్టిగా ఎందుకు మాట్లాడుతున్నానంటే, నా చేతులూ శుభ్రంగా లేవు.

కొన్నేళ్ళ క్రితం ఒక ప్రాజెక్టులో రాత్రి బ్యాచ్ జాబులు వారానికోసారి పడిపోయేవి. కారణం పట్టుకున్నది మా టెస్టింగ్ అమ్మాయి. మూడు వారాల లాగులు ఎక్సెల్‌లో పేర్చి, ఒకే టైముకి రెండు జాబులు ఒకే టేబుల్ మీద పడుతున్నాయని చూపించింది. దాన్ని సరిచేసే కోడ్ నేను రాశాను. క్లయింటుకి ప్రెజెంటేషన్ కూడా నేనే ఇచ్చాను. స్లైడు కింద నా పేరొక్కటే. కావాలని చెయ్యలేదు. టెంప్లేట్‌లో పేరుకి ఒక్క గడే ఉంది, నింపేశాను. ఆ ఏడాది నా రేటింగు బాగా వచ్చింది. ఆ అమ్మాయి ఏమీ అడగలేదు. ఆరు నెలల తర్వాత వేరే కంపెనీకి వెళ్ళిపోయింది.

1994 కేసు గురించి చదువుతుంటే నాకు గుర్తొచ్చింది మైక్ లవ్ కాదు, ఆ స్లైడు. మర్రీ విల్సన్ కూడా బహుశా అంతే చేసుంటాడు. గడి ఒక్కటే ఉంది, కొడుకు పేరు రాసేశాడు. ఈ మధ్యే ఆ అమ్మాయికి ఫోన్ చేసి చెప్పాను. 'అయ్యో, అదా సార్, ఎప్పుడో మర్చిపోయా' అంది. మర్చిపోలేదని గొంతులోనే తెలిసింది.

ఆఖరిగా ఒక్క సంగతి. ఆ పాత రికార్డుల మీద బేస్ గిటారు వాయించిన కెరోల్ కేకి 2025లో రాక్ అండ్ రోల్ హాల్ ఆఫ్ ఫేమ్ గౌరవం ప్రకటించారు. 90 ఏళ్ళ వయసులో, ఏళ్ళ తరబడి అట్టల మీద పేరు లేకుండా వాయించిన మనిషికి దక్కిన గుర్తింపు. బ్రయాన్ పోయిన కొద్దిరోజులకే, అదే జూన్‌లో, ఆవిడ వద్దని చెప్పేసింది. స్టూడియో కళాకారుల పని ఎప్పుడూ టీముగా చేసేదే, సోలోగా కాదు, ఈ గౌరవం ఆ పనిని చూపించట్లేదు అన్నది ఆవిడ వాదన.

మా ఆఫీసు గ్రూపులో ఈ కబురు ఎవరూ ఫార్వర్డ్ చెయ్యలేదు. నేనే పెట్టాను. రెండు లైకులొచ్చాయి. ఒకటి నాదే.

పోనీలెండి. రేపు మీరు ఏ స్లైడు చేస్తున్నా, ఏ రిలీజ్ మెయిల్ రాస్తున్నా, కింద 'అండ్ టీమ్' అని రాసే ముందు ఒక్క నిమిషం ఆగి ఆ పేర్లు టైపు చెయ్యండి. పాట పూర్తయిన రోజే పేర్లు రాసేస్తే 30 ఏళ్ళ తర్వాత కోర్టులో రాయాల్సిన పని ఉండదు. బావ, బావమరిది ఒకే ఇంట్లో భోజనం కూడా చెయ్యొచ్చు.